కోసిన పువ్వుకు చల్లటి గది ఏది? ఉద్యాన, ఎగుమతి, బ్యాంకు అధికారులకు పాలమూరు పూల రైతు బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఉద్యాన శాఖ అధికారులకు, పూల ఎగుమతి వ్యవహారాలు చూసే కేంద్ర సంస్థల అధికారులకు, మాకు అప్పులిచ్చిన బ్యాంకుల పెద్దలకు నమస్కారం.

నేను మహబూబ్‌నగర్ జిల్లాలో జడ్చర్ల, బాలానగర్ మధ్య, 44వ నంబర్ హైవేకు నాలుగు కిలోమీటర్ల లోపల ఎకరం ప్లాస్టిక్ షీటు కప్పిన పాలీహౌస్‌లో డచ్ గులాబీ పండిస్తున్నాను. అదే భూమిలో మా నాయన ఆముదం, జొన్న వేసేవాడు. సబ్సిడీ వస్తుంది, పూలు విదేశాలకు పోతాయి, ఇక వలస పోవాల్సిన పని ఉండదు అని మీరు చెబితే నమ్మి ఇందులోకి దిగాను. నాలాగే గులాబీ, జర్బెరా, చామంతి వేసిన పదకొండు మందిమి కలిసి రెండేళ్లలో నాలుగు అర్జీలు పెట్టుకున్నాం. రసీదులు నా బీరువాలో భద్రంగా ఉన్నాయి. జవాబు మాత్రం ఒక్కదానికీ రాలేదు. అందుకే నలుగురూ చదివేలా ఈ ఉత్తరం రాస్తున్నాను.

ముందు ఒక్క రోజు సంగతి చెబుతాను. నిరుడు ఫిబ్రవరి మొదటి వారం. ప్రేమికుల రోజు సరుకు. ముగ్గురు రైతులం కలిసి 9 వేల కాడలు పంపాలని ఒక ఎగుమతిదారుతో మాట అనుకున్నాం. తెల్లవారుజామున నాలుగున్నరకే తలకు లైట్లు కట్టుకుని కోత మొదలుపెట్టాం. ఎగుమతి గులాబీని మొగ్గ గట్టిగా ఉండగానే, బయటి రేకు ఒకటి రెండు అప్పుడే వదులవుతున్నాయనగా కోయాలి. కోసిన కాడను కోసినట్టే బకెట్ నీళ్లలో పెట్టాలి. తరవాత కింది ఆకులు, ముళ్లు తీసి, పొడవును బట్టి 50 సెంటీమీటర్లవి, 60 సెంటీమీటర్లవి వేరు చేసి, 20 కాడలకు ఒక కట్ట కట్టి, మొగ్గల చుట్టూ గీతల అట్ట చుట్టి, పెట్టెకు 300 చొప్పున సర్దాలి. మా దగ్గర పనిచేసే ఆడవాళ్లు పొద్దున తినకుండా చేశారా పని. పదకొండింటికి 30 పెట్టెలు తయారయ్యాయి.

పదకొండింటికి రావాల్సిన చల్లటి బండి రాలేదు. రెండు దాటాక మామూలు డీసీఎం వచ్చింది. ఆ మూడు గంటలూ పెట్టెలు రేకుల షెడ్డు కింద ఉన్నాయి. తడి గోనెసంచులు కప్పాం, పెట్టెల చుట్టూ నీళ్లు చల్లాం, టేబుల్ ఫ్యాన్ తెచ్చి పెట్టాం. ఒక పెట్టె మీద చెయ్యి పెట్టి చూస్తే లోపలి నుంచి వెచ్చగా తగిలింది. పువ్వు కోసిన తరవాత కూడా ఊపిరి పీలుస్తుంది, వేడి పుట్టిస్తుంది. ఆ వెచ్చదనం చేతికి తగలగానే నాకు అర్థమైపోయింది.

పన్నెండు రోజుల తరవాత ఫోన్‌కు ఫొటోలు వచ్చాయి. రేకుల అంచుల మీద గోధుమ రంగు మచ్చలు, మెడలు వాల్చిన మొగ్గలు. కాడకు 13 రూపాయల చొప్పున లక్షా 17 వేలు రావాలి. పైసా రాలేదు. పైగా విమాన చార్జీలో మా వంతు అని 21 వేలు బాకీ చూపించారు. ఆ ఎగుమతిదారును తప్పుపట్టడం లేదు, ఆయన లెక్క ఆయనది. కట్టలు కట్టిన తండా ఆమె మాత్రం మరుసటి రోజే అడిగింది: "అన్నా, మన పూలు విమానం ఎక్కినయా?" ఎక్కాయన్నాను. దిగాక ఏమైందో చెప్పడానికి నాకు నోరు రాలేదు.

మీటింగుల్లో మీరు తరచూ కెన్యా పేరు చెబుతారు. కెన్యా అంత చిన్న దేశం చేయగా లేనిది మనం చేయలేమా అంటారు. ఆ మాట విన్నప్పటి నుంచి కెన్యా గురించి దొరికిందల్లా చదివాను. అందులో మీరు చెప్పనివి కొన్ని ఉన్నాయి.

కెన్యా పూల తోటలు ఎక్కువగా నైవాషా సరస్సు చుట్టూ ఉన్నాయి. ఆ ప్రాంతం సముద్రమట్టానికి 1,880 మీటర్ల పైన ఉంటుంది. భూమధ్యరేఖ పక్కనే కాబట్టి ఏడాది పొడవునా పగలు పన్నెండు గంటలు, రాత్రి పన్నెండు గంటలు. రాత్రిళ్లు చల్లన. గులాబీకి అంతకన్నా మంచి చోటు దొరకదు. కాడ పొడవుగా, మొగ్గ లావుగా వస్తుంది. 2018లో కెన్యా కోసిన పూల ఎగుమతి 113 బిలియన్ షిల్లింగులు దాటింది. అప్పటి మారకంలో మన రూపాయల్లో 7 వేల కోట్ల పైమాటే. మన దేశం మొత్తం పూల ఎగుమతి 2023-24లో సుమారు 717 కోట్లు. అందులోనూ ఎండబెట్టిన పూలు, ఆకులు, కొమ్మల వాటా చాలా ఉంది. రెండు లక్షల హెక్టార్లకు పైగా పూలు పండించే దేశం ఎగుమతి అంతే.

తేడా అంతా వాతావరణానిదే అనుకుంటే పొరపాటు. నైవాషాలో కోసిన పువ్వు నేరుగా తోటలోనే ఉన్న శీతల గదికి పోతుంది. అక్కడి నుంచి చల్లటి లారీలో నైరోబీ విమానాశ్రయానికి, అక్కడి శీతల గిడ్డంగికి, ఆ తరవాత విమానంలోకి. కోత దగ్గర మొదలైన చల్లదనం యూరప్‌లో కుండీలోకి చేరేదాకా తెగకుండా చూసుకుంటారు. యూరప్‌లో కెన్యా పూలకు సుంకం లేదు. ఇథియోపియా సంగతీ అంతే. అక్కడి ప్రభుత్వ అభివృద్ధి బ్యాంకు పూల తోటల పెట్టుబడిలో 70 శాతం దాకా అప్పిచ్చింది, ప్రభుత్వ విమాన సంస్థే సరుకు మోసింది. కొలంబియాలో కోకా సాగు తగ్గించాలని 1991లో అమెరికా అక్కడి పూలకు సుంకం ఎత్తేసింది. అంటే ఏ దేశంలోనూ రైతు ఒక్కడే పాలీహౌస్ వేసుకుని ఎగుమతిదారు అయిపోలేదు.

ఇన్ని ఉన్నా ఆ వ్యాపారం ఎంత పెళుసో కూడా చెప్పాలి. 2010 ఏప్రిల్‌లో ఐస్‌లాండ్‌లో అగ్నిపర్వతం పేలి యూరప్ ఆకాశం మూతపడితే, కెన్యాలో కోసిన గులాబీలు టన్నుల కొద్దీ ఎరువు కుప్పల్లోకి పోయాయి. 2014లో యూరప్‌తో వాణిజ్య ఒప్పందం ఆలస్యమైనందుకు అక్టోబర్ నుంచి డిసెంబర్ చివరిదాకా కెన్యా పూలకు సుంకం పడింది. 2020 మార్చిలో కరోనా వల్ల నెదర్లాండ్స్ వేలం కుప్పకూలితే అక్కడి పూలనే యంత్రాలతో తొక్కించి పారేశారు. అలాంటి ప్రతిసారీ ముందుగా ఇంటికి పంపింది కోత కూలీలనే. సరిగ్గా ఆ 2020 మార్చిలోనే మా ఊళ్లో పెళ్లిళ్లన్నీ ఆగిపోయి మేము కూడా జర్బెరా కోసి గట్టు మీద పోశాం. ఎక్కడో ఆఫ్రికాలో ఉన్న కూలి మనిషి బాధ అప్పుడు మాకు దగ్గరగా తెలిసింది.

మన దగ్గర కూడా ఇది కొత్త కాదు. 1991 తరవాత బెంగళూరు, పుణె, హైదరాబాద్ చుట్టూ నూటికి నూరు శాతం ఎగుమతి కోసమే పూల కంపెనీలు పెట్టారు. అందులో చాలామటుకు మూతపడ్డాయి. విదేశీ పాలీహౌస్‌లకు పోసిన పెట్టుబడి, దాని మీద మిత్తి, విమాన చార్జీ, యూరప్ సుంకం, విమానాశ్రయంలో చల్లటి గదులు లేకపోవడం, అన్నీ కలిసి ముంచాయి. పెద్ద కంపెనీలే తట్టుకోలేని గుండంలోకి ఎకరం, అరెకరం రైతులను దింపేటప్పుడు ఆ చరిత్రను మాకు ఒక్కరూ చెప్పలేదు. అప్పుడే చెప్పి ఉంటే మేము ఇంకోలా లెక్క వేసుకునేవాళ్లం.

ఇప్పుడు దీనివల్ల మామూలు మనుషులకు ఏం జరుగుతోందో వరసగా రాస్తాను.

1. చల్లదనం లేక పువ్వు పోతోంది. గులాబీని కోసిన వెంటనే 2 నుంచి 4 డిగ్రీల మధ్యకు తేవాలి. మా దగ్గర ఫిబ్రవరి మధ్యాహ్నమే 33 డిగ్రీలు ఉంటుంది. మా పదకొండు మంది పాలీహౌస్‌లకు కలిపి ఒక్క శీతల గది లేదు. ఉన్న కోల్డ్ స్టోరేజీలు మిర్చికి, చింతపండుకు కట్టినవి. వాటి ఘాటులో గులాబీ పెడితే ఇంకేమన్నా ఉందా? శంషాబాద్ విమానాశ్రయంలో మందుల ఎగుమతికి ప్రత్యేకంగా చల్లటి జోన్ కట్టారు. మా పాలీహౌస్ నుంచి అక్కడికి బండి మీద గంటన్నర కూడా పట్టదు. రెండు వేల కోట్ల మందులు పంపినా, రెండు లక్షల పూలు పంపినా చల్లదనం ఒక్కటే కదా! వ్యవసాయ సరుకును విమానాల్లో పంపడానికి 2020లో కృషి ఉడాన్ పథకం పెట్టారని పేపర్లో చదివాం. మా దాకా మాత్రం అది రాలేదు. విమానాశ్రయం పక్కనే ఉండి కూడా మా పూలు ఎక్కువ భాగం బస్సు టాప్ మీద పట్నం మార్కెట్‌కు పోతున్నాయి.

2. ధర ఎవరు నిర్ణయిస్తున్నారో మాకు తెలియదు. నెదర్లాండ్స్‌లోని ఆల్స్‌మీర్ వేలం గడియారం పద్ధతిలో సాగుతుంది. ముల్లు పై ధర నుంచి కిందికి జారుతూ వస్తుంది. ముందు ఎవరు బటన్ నొక్కితే సరుకు వాళ్లది. ఆ వేలం సంస్థ రైతుల సహకార సంఘానిదే. ఎవరు ఎంతకు కొన్నారో పండించినవాడికి వెంటనే తెలుస్తుంది. మన దేశంలో కూడా బెంగళూరు హెబ్బాళ్‌లో అదే పద్ధతిలో కోసిన పూల వేలం నడుస్తోంది. మాకేమో రాత్రి పదింటికి అడ్తిదారు దగ్గర నుంచి ఫోన్‌లో మెసేజ్ వస్తుంది: ఇన్ని కట్టలు, ఇంత రేటు, ఇంత కమీషన్, ఇంత డ్యామేజీ. ఆ డ్యామేజీ చూసిన కన్ను మాది కాదు. నమ్మక చేసేదేముంది? పువ్వును వెనక్కి తెచ్చుకోలేం, రేపటిదాకా ఆపుకోలేం.

పైగా మన పూల ధరను ముహూర్తం శాసిస్తుంది. మాఘంలో పెళ్లిళ్లప్పుడు 250 పలికిన కట్ట ఆషాఢంలో 30కి దిగింది. మూఢాలు వస్తే అంతే సంగతులు. కోత కూలి, అట్ట, రబ్బరు బ్యాండు, బస్సు చార్జీ కలిపితే కట్టకు నాకు 32 పడుతుంది. అమ్ముడుపోదని కోయకుండా వదిలేస్తామా అంటే అదీ కుదరదు. విచ్చిన పువ్వు చెట్టు మీద ఉంటే తెగుళ్లు పడతాయి, కింది చిగురు రాదు. అందుకని కూలి ఇచ్చి కోయించి, ఇంకో కూలి ఇచ్చి గుంతలో పారబోయిస్తాం. జూలైలో మా పాలీహౌస్ వెనక ఆ గుంత దగ్గరికి వచ్చి నిలబడండి. ఎర్రటి గులాబీల కుప్ప కుళ్లుతున్న వాసన ఎలా ఉంటుందో చూస్తారు.

3. అప్పు నెలనెలా వస్తుంది, పూల డబ్బు నెలనెలా రాదు. ఎకరం పాలీహౌస్‌కు 30 లక్షల పైన అవుతుంది. తెలంగాణ వచ్చిన కొత్తలో రాష్ట్రం 75 శాతం సబ్సిడీ ఇచ్చింది, అది మంచి పనే. కేంద్ర పథకం కింద అయితే సగం. మిగతాది, దాని మీద మొక్కలు, డ్రిప్పు, మందులు, కరెంటు రైతువే. ఎకరానికి 28 వేల మొక్కలు పడతాయి. మంచి రకాలన్నీ వాటిని తయారుచేసిన విదేశీ బ్రీడర్లవి కాబట్టి మొక్కకు ఇంత అని రాయల్టీ ఉంటుంది. పైన వేసిన 200 మైక్రాన్ల షీటు మూడు నాలుగేళ్లకు మార్చాలి. ఏప్రిల్‌లో ఒక్క గాలిదుమారం వస్తే అంతదాకా కూడా ఆగదు. మాలో ఇద్దరికి ఒకే సాయంత్రం షీటు మొత్తం లేచిపోయింది. బీమా అడిగితే పంట వేరు, కట్టడం వేరు అని తిప్పారు.

మా పక్క ఊరి రైతు సంగతి రాయకుండా ఉండలేను. ఆయన అరెకరంలో జర్బెరా వేశాడు. మూడో ఏడు వాయిదాలు తప్పాయి. భార్య పుస్తెల తాడు బంగారం లోన్లోకి పోయింది. చివరికి పాలీహౌస్ గొట్టాలు విప్పించి ఇనుము కిలోల లెక్కన అమ్ముకున్నాడు. ఇప్పుడు పట్నంలో ఒక అపార్ట్‌మెంట్ దగ్గర వాచ్‌మన్. వలసలు ఆపడానికి పెట్టిన పాలీహౌస్ సొంత భూమి ఉన్నవాణ్ణి వలస పంపింది. పాలమూరుకు ఇంతకంటే పెద్ద అవమానం ఉందా?

4. నీళ్లు. నైవాషా ప్రాంతంలో ఒక్క గులాబీ కాడ పండించడానికి 7 నుంచి 13 లీటర్ల నీళ్లు పడుతున్నాయని పరిశోధకులు లెక్క తేల్చారు. పువ్వును విమానం ఎక్కిస్తే ఆ నీళ్లను కూడా ఎక్కించినట్టే. ఇక్కడ నీళ్ల కోసం మేము 600 అడుగుల లోతుకు బోర్లు వేశాం. మా తోటకు సగటున రోజుకు 20 వేల లీటర్లు కావాలి. పక్కనే వేరుశనగ వేసే చిన్న రైతు బోరు వట్టిపోతే అతను మా వంక చూసే చూపు నేను భరించలేను. అతని కోపంలో న్యాయం ఉంది. అయితే దీనికి దారి కూడా మా నెత్తిమీదే ఉంది. ఎకరం పాలీహౌస్ కప్పు మీద 600 మిల్లీమీటర్ల వాన పడితే 24 లక్షల లీటర్లు. అందులో ఆవిరి, వృథా పోను మిగిలింది నిల్వ చేసుకున్నా మూడు నెలలకు పైగా బోరు ముట్టక్కర్లేదు. ప్లాస్టిక్ షీటు పరిచిన నీటి కుంటను పాలీహౌస్ సబ్సిడీలో భాగం చేసి, అది లేనిదే పాలీహౌస్ మంజూరు చేయొద్దు. మాకు భారమైనా ఈ షరతు పెట్టండి.

5. కోసే చేతులు. ఈ పని చేసేది దాదాపు అందరూ ఆడవాళ్లే, ఎక్కువమంది తండాల నుంచి వస్తారు. ముళ్లకు వేళ్లు చీరుకుపోతాయి. పాలీహౌస్‌లో మందు కొడితే గాలికి పోయే దారి ఉండదు, అయినా పువ్వు విచ్చుకుంటోందని గంటలోపే మళ్లీ లోపలికి పోతారు. నా తోటలో కూడా మొదటి రెండేళ్లు అలాగే జరిగింది. అది నా తప్పు, ఒప్పుకుంటున్నాను. ఒకామె కళ్లు తిరిగి పడిపోయాక మందు కొట్టిన రోజు కోత మానేశాం. నష్టం వస్తే వచ్చింది. విదేశాల్లో ఫెయిర్‌ట్రేడ్ ముద్ర ఉన్న పూల మీద కొన్నవాళ్లు 10 శాతం అదనంగా కడతారు. ఆ డబ్బు కూలీల ఉమ్మడి ఖాతాలోకి పోతుంది, బడికో, ఆసుపత్రికో వాళ్లే ఖర్చు పెట్టుకుంటారు. అలాంటి ముద్ర తెచ్చుకునే దారి చిన్న రైతుల సంఘానికి చూపించేవాళ్లు లేరు. గ్లవ్స్, మాస్కులు, ఆరోగ్య పరీక్షలు సబ్సిడీ షరతుల్లో రాసే ఉంటే మాలాంటివాళ్లం ఆమె పడిపోయేదాకా ఆగేవాళ్లం కాదు.

6. ప్లాస్టిక్ పూలు. 2022 జూలై 1 నుంచి నిషేధించిన సింగిల్ యూజ్ ప్లాస్టిక్ జాబితాలో అలంకరణకు వాడే థర్మోకోల్ ఉంది, స్వీటు డబ్బాలకు చుట్టే పల్చటి ప్లాస్టిక్ కాగితం ఉంది. ప్లాస్టిక్ పూలు లేవు. ఇప్పుడు ఏ ఫంక్షన్ హాలుకు పోయినా స్టేజీ అంతా ప్లాస్టిక్ గులాబీలే, దుమ్ము కొట్టుకుని పెళ్లి తరవాత పెళ్లికి తిరుగుతుంటాయి. ఎగుమతి లేని ఎనిమిది నెలలూ మాకు బతుకు ఇచ్చేది ఆ స్టేజీలే.

ఆ ఎనిమిది నెలల మాట ఊరికే అనలేదు. నా అనుభవంలో మన నేల నుంచి విదేశాలకు పోయే నాణ్యత నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకానే వస్తుంది. మార్చి దాటితే రాత్రి కూడా వేడే, కాడ పొట్టి అవుతుంది, మొగ్గ చిన్నదవుతుంది. బెంగళూరు, హోసూరు వైపు 900 మీటర్ల ఎత్తు ఉంది కాబట్టి వాళ్లకు ఇంకొంత వెసులుబాటు. మమ్మల్ని కెన్యాతో పోల్చి ఏడాదంతా ఎగుమతి అని ఆశ పెట్టొద్దు. నాలుగు నెలలు ఎగుమతి, ఎనిమిది నెలలు దేశంలోనే అమ్మకం అని లెక్క కట్టి పథకం వేయండి. యూరప్ ఒక్కటే లోకం కూడా కాదు. యూఏఈతో మనకు వాణిజ్య ఒప్పందం 2022 మే 1 నుంచి అమల్లో ఉంది. దుబాయ్ నాలుగు గంటల ప్రయాణం, శంషాబాద్ నుంచి రోజూ విమానాలు ఉన్నాయి. ఆ విమానాల్లో మా జిల్లా పిల్లలు కూలికి పోతున్నారు. అదే విమానం అడుగున మా గులాబీ పెట్టెలు నాలుగు పోలేవా? అక్కడి మనవాళ్లకు గులాబీతో పాటు మల్లె, బంతి, చామంతి దండలు కూడా కావాలి. అవి పాలీహౌస్ లేని రైతు కూడా పండించగలడు.

ఇవీ మా డిమాండ్లు. ఇందులో దానం అడిగింది ఏదీ లేదు.

ఒకటి, జడ్చర్ల దగ్గర హైవే పక్కన ఒక ఉమ్మడి ప్యాక్‌హౌస్ కట్టండి: గ్రేడింగ్ హాలు, పది టన్నుల శీతల గది, రెండు చల్లటి వ్యాన్లు. నా అంచనాలో రెండు మూడు పాలీహౌస్‌లకు ఇచ్చే సబ్సిడీ సొమ్ముతో అది అవుతుంది. నిర్వహణ మా సంఘం చేసుకుంటుంది, కిరాయి కడతాం. నల్గొండ వైపు చౌటుప్పల్ దగ్గర 65వ నంబర్ హైవే మీద ఇంకొకటి కావాలని అక్కడి రైతులు మాతో అంటున్నారు. వాళ్ల మాటా వినండి.

రెండు, శంషాబాద్‌లో పూలకు, కూరగాయలకు చిన్న రైతుల సంఘాలు నేరుగా వాడుకునే చల్లటి చోటు కేటాయించండి. పూలకు పురుగు, తెగులు లేవని ఫైటో సర్టిఫికెట్ ఇచ్చే అధికారి ఎగుమతి నాలుగు నెలలు ప్యాక్‌హౌస్‌కే వచ్చి తనిఖీ చేసేలా చూడండి.

మూడు, హైదరాబాద్‌లో కోసిన పూలకు గడియారం వేలం పెట్టండి. అది అయ్యేలోపు ప్రతి రోజూ ఏ గ్రేడు కట్ట ఎంతకు అమ్ముడైందో రైతు ఫోన్‌కు పంపించే ఏర్పాటు చేయండి.

నాలుగు, బ్యాంకుల వారు వాయిదాలను నెలవారీగా కాకుండా పూల సీజన్‌ను బట్టి మార్చండి. డిసెంబర్ నుంచి మే దాకా ఎక్కువ కట్టించుకోండి, ఆషాఢంలోనూ, మూఢాల్లోనూ అడగకండి. షీటుకు, కట్టడానికి, పంటకు కలిపి ఒకే బీమా ఉండాలి. ఇప్పటికే వాయిదాలు తప్పినవాళ్ల ఇంటి ముందు నోటీసులు అంటించడం ఆపి, ముందు వాళ్లతో కూర్చుని మాట్లాడండి.

ఐదు, కొత్తగా పాలీహౌస్ మంజూరు చేసే ముందు ఆ రైతును పాత రైతు దగ్గరికి మూడు రోజులు పంపండి. లాభం ఫొటోలతో పాటు మా పారబోత గుంత కూడా అతను చూడాలి. మోజర్ల హార్టికల్చర్ కాలేజీ మన వనపర్తి జిల్లాలోనే ఉంది. మన వేడికి తట్టుకునే రకాలను అక్కడ పరీక్షించి చెప్పండి, దుకాణం వాళ్లు అంటగట్టిన రకాలతో మేము వేలు కాల్చుకున్నది చాలు.

ఆరు, ప్లాస్టిక్ పూలను నిషేధ జాబితాలో చేర్చాలని రాష్ట్రం తరఫున కేంద్రానికి రాయండి. అది తేలేదాకా ప్రభుత్వ కార్యక్రమాల వేదికల మీదైనా నిజమైన పూలు పెట్టించండి. ఇది రేపటి నుంచే చేయొచ్చు, జీవో కూడా అక్కర్లేదు.

ప్రేమికుల రోజుకు పువ్వు అందాలంటే డిసెంబర్ మొదటి రెండు వారాల్లోనే కొమ్మలు వంచి, పాత కాడలు కత్తిరించాలి. అలా కత్తిరించిన మొక్కల నుంచి రెండు నెలలు ఆదాయం ఉండదు. శీతల గది వస్తుందో రాదో, చల్లటి బండి దొరుకుతుందో లేదో తెలియకుండా ఈ ఏడు మేము కత్తెర పట్టలేం. కాబట్టి నవంబర్ నెలాఖరులోపు మీలో ఒక్కరైనా మా తోటకు రండి. పొద్దున నాలుగున్నరకు వస్తే కోత దగ్గర నుంచి బస్సు ఎక్కించేదాకా అంతా చూపిస్తాం. రాలేకపోతే, ఈ ఆరింటిలో ఏది చేస్తారో, ఏది చేయలేరో కాగితం మీద రాసి పంపండి. చేయలేమన్నా సరే, దాన్ని బట్టి మా పదకొండు మందిమి ఈసారి కొమ్మలు వంచాలో వద్దో తేల్చుకుంటాం.

ఇట్లు,
ఎకరం గులాబీ రైతు,
తోటి పది మంది పూల రైతుల తరఫున,
మహబూబ్‌నగర్ జిల్లా